మబ్బు, చేప, గట్టు: భాగవతంలో శరత్తు

భాగవతం దశమ స్కంధంలో ఇరవయ్యో అధ్యాయాన్ని చాలామంది త్వరగా దాటేస్తారు. దానికి ముందు అధ్యాయంలో కృష్ణుడు కార్చిచ్చును మింగి ఆవులనూ గోపబాలురనూ కాపాడతాడు. తర్వాతి అధ్యాయంలో వేణువు ఊదుతాడు, గోపికలు ఆ పాటను గురించి తమలో తాము చెప్పుకుంటారు. నడుమనున్న ఈ అధ్యాయంలో పెద్ద సంఘటన ఏదీ లేదు. వానాకాలం వచ్చి వెళ్లింది, శరత్తు వచ్చింది. కథ కోసం చదివేవారికి ఇక్కడ ఆగవలసిన అవసరం కనిపించదు. ఉపమ అనే అలంకారం చేత ఎంత పని చేయించవచ్చో చూడదలచినవారు మాత్రం ఇక్కడే ఆగాలి. ఋతువునూ రోజువారీ బతుకునూ ఇంత దగ్గరగా చేర్చి చూపిన చోటు నా చదువులో ఇంకొకటి తగల్లేదు.

కొలతకు చిన్న అధ్యాయమే. వాడుకలో ఉన్న ప్రతుల్లో 49 శ్లోకాలు. వాటిలో చివరి 18 శరత్తువి. ఎక్కువ శ్లోకాలు అనుష్టుప్పులు, అంటే ఒక్కోదానికి 32 అక్షరాలు. ఆ 32ను కవి చాలాచోట్ల సరిగ్గా రెండుగా పంచాడు. మొదటి 16 అక్షరాల్లో కంటికి కనిపించే ప్రకృతి. తర్వాతి 16 అక్షరాల్లో మనిషి. చెరువు ఒక సగం, కాపురం ఒక సగం. కొండ ఒక సగం, జ్ఞాని ఒక సగం. వర్ణనకు పొడవాటి సమాసాలు కావాలని, ఏనుగు నడకలాంటి వృత్తాలు కావాలని అనుకునేవారికి ఈ పొదుపు ఆశ్చర్యంగా ఉంటుంది. పదహారు అక్షరాల్లో ఒక దృశ్యాన్ని నిలబెట్టాలంటే కవి అక్కడికి వెళ్లి దాన్ని చూసి ఉండాలి. చూడనివాడికి ఆ జాగా చాలదు.

బడిలో ఉపమాలంకారం చెప్పేటప్పుడు నాలుగు అంగాలు నేర్పుతారు: ఉపమేయం, ఉపమానం, సాధారణ ధర్మం, ఉపమావాచకం. తెలియనిదాన్ని తెలిసినదానితో పోల్చి చెప్పడమే ఉపమ పని అన్న నమ్మకం ఆ పాఠం అడుగున ఉంటుంది. ఈ అధ్యాయం ఆ నమ్మకాన్ని తిరగవేసింది. శరత్తులో చెరువు నీళ్లు తేరుకుంటాయని పల్లెలో పుట్టిన ఎవరికి తెలియదు? ఆ తెలిసిన నీటిని, యోగసాధన తప్పిపోయి మళ్లీ అభ్యాసంలో పడ్డవాడి మనసుతో పోల్చాడు కవి. చూసిన వస్తువుకు చూడని వస్తువు పోలిక. పైపైన చూస్తే ఇది తలకిందుల పని. కానీ చదివేవాడు ఆ చెరువును ఇదివరకే చూసి ఉన్నాడు గనుక, దాన్ని పట్టుకుని మనసు సంగతి తెలుసుకుంటాడు. నీటికి తేటదనం కొత్తగా రాలేదు, అది దాని సొంత స్థితి. బురద వానతో వచ్చింది, వానతో పోయింది. మనసు కూడా అంతేనని ఎక్కడా విడిగా చెప్పకుండానే చెప్పేశాడు. పేరుకు చెరువు ఉపమేయం. మనలో మిగిలేది మాత్రం మనసును గురించిన మాట.

మన సాహిత్యంలో శరత్తులకు కొదవ లేదు. ఈ శరత్తు ప్రత్యేకత తెలియడానికి తక్కినవాటిలో రెండు మూడింటిని పక్కన పెట్టుకోవాలి. కాళిదాసు ఋతుసంహారం మూడో సర్గలో శరత్తు కొత్త పెళ్లికూతురిలా వస్తుంది. రెల్లుపూలు ఆమె చీర, విచ్చిన తామర ఆమె ముఖం, హంసల కూతలు ఆమె అందెల చప్పుడు, పండి వాలిన వరి ఆమె ఒళ్లు. ఒక్క మనిషిని ఎంచుకుని తలనుంచి పాదం దాకా అలంకరించడం అది. వాల్మీకి కిష్కింధాకాండలో శరత్తును చూసేది భార్యను పోగొట్టుకుని వానాకాలమంతా కొండమీద గడిపిన రాముడు. అక్కడ నదులు తమ ఇసుకతిన్నెలను కొద్దికొద్దిగా బయటపెట్టడం కొత్త కాపురపు సిగ్గుతో ఉన్న స్త్రీలను తలపిస్తుంది. చూసేవాడి వియోగమే ఆ పోలికకు రంగు. ఇక తెలుగువారికి శరత్తంటే ముందు గుర్తొచ్చేది నన్నయ. అరణ్యపర్వంలో ఆయన ఆఖరి పద్యంగా చెప్పుకునేది శరద్రాత్రుల వర్ణన. చుక్కలు హారాల వరుసలు, వెన్నెల కర్పూరపు పొడి, గాలినిండా కలువల వాసన. అక్కడ ఆగిపోయిన పర్వాన్ని రెండున్నర శతాబ్దాలు దాటాక ఎర్రన అందుకున్నాడు, అదీ శరత్కాలపు ఉదయంతోనే. నన్నయ రాత్రిలో వెలుగూ వాసనా ఉన్నాయి, చప్పుడు లేదు. ఎర్రన ఉదయంలో హంసలు, బెగ్గురులు, తుమ్మెదలు గొంతెత్తాయి. రెండు పద్యాలూ మెడలో వేసుకోదగ్గ నగలు.

భాగవత శరత్తుకు నగలు తక్కువ. ఇక్కడ ఒక్క పెళ్లికూతురు లేదు, వీధినిండా జనం ఉన్నారు. రైతు, వర్తకుడు, సన్యాసి, పిసినారి, రాజు, దొంగ, చదువు ముగించుకున్న బ్రహ్మచారి, సంసారం ఈదుతున్న గృహస్థు. ఒక్కో శ్లోకానికి ఒకరు వచ్చి నిలబడి వెళ్తారు.

ఈ పనితనంలో నాకు అన్నిటికన్నా గొప్పగా తోచేది ఒకటుంది. శరత్తు శ్లోకాలను విడిగా చదివితే అది పట్టుబడదు. కవి వానాకాలాన్నీ శరత్తునూ ఎదురెదురుగా నిలబెట్టాడు. ముందు సగంలో వేసిన ప్రతి ముఖ్యమైన బొమ్మనూ వెనుక సగంలో మళ్లీ పలకరించాడు.

మబ్బును చూడండి. వానాకాలంలో పెద్ద మబ్బులు, మెరుపులతో, గాలికి ఊగుతూ, నీటిని విడుస్తాయి. పరుల బాధ చూసి కరిగి తమ బతుకునే ఇచ్చేసే దయగలవారిలా అంటాడు కవి. పదిహేను రోజులో నెల రోజులో కాదు, కాలమంతా ఇచ్చింది మబ్బు. శరత్తు వచ్చాక అదే మబ్బు మళ్లీ కనిపిస్తుంది. ఇప్పుడు దాని దగ్గర ఏమీ లేదు. ఉన్నదంతా వదిలేసి తెల్లగా మెరుస్తోంది, కోరికలు విడిచి పాపం తొలగిన మునుల్లా. దాత జీవితంలో రెండు ఘట్టాలివి. ఇస్తున్నప్పుడు నల్లగా, బరువుగా, ఉరుముతూ ఉంది. ఇచ్చేశాక తేలికై తెల్లబడింది. తెల్లమబ్బును చూసి దూదిపింజె అన్న కవులు ఎందరో ఉన్నారు. అది ఎందుకు తెల్లగా ఉందో అడిగి, ఇచ్చేసింది గనుక అని జవాబు చెప్పినవాడు ఈయన. నీరున్న మబ్బు నల్లగా, నీరు విడిచిన మబ్బు తెల్లగా కనిపించడం ఎవరైనా చూడగలిగే సత్యమే. ఆ చూపుమీదే పోలిక నిలబడింది కాబట్టి కూలిపోదు.

ఈ నీటి లెక్క మబ్బుతో మొదలైంది కూడా కాదు. అంతకు ముందటి శ్లోకంలో సూర్యుడున్నాడు. ఎనిమిది నెలలపాటు తన కిరణాలతో భూమి నీటి సంపదను తాగి, కాలం వచ్చేసరికి వదలడం మొదలుపెట్టాడంటాడు. ఇందులో పోల్చే మాట ఏదీ లేదు. రాజు పేరు లేదు, పన్ను పేరు లేదు. నీటిని సంపద అనడంతోనే వసూలూ పంపకమూ స్ఫురిస్తాయి. ఇది రూపకం బలం. రఘువంశం మొదటి సర్గలో కాళిదాసు ఇదే బొమ్మను అటునుంచి ఇటు తిప్పాడు. దిలీపుడు ప్రజల మేలు కోసమే పన్ను తీసుకున్నాడు, వెయ్యింతలు తిరిగివ్వడానికి నీటిని తీసుకునే సూర్యుడిలా అన్నాడు. అక్కడ రాజు కథ, సూర్యుడు పోలిక. ఇక్కడ సూర్యుడే కథ, రాజు నీడలా వెనకాల ఉన్నాడు. ఒకే పరిశీలన ఇద్దరి చేతుల్లో రెండు పనులు చేసింది.

మబ్బు తర్వాత గొంతులు. తొలివాన ఉరుము వినగానే అప్పటిదాకా నోరు మూసుకుని పడుకున్న కప్పలు ఒక్కసారిగా అరుస్తాయి. నియమం ముగిశాక వేదపాఠం అందుకున్న బ్రాహ్మణ విద్యార్థుల్లా ఉన్నాయవి. దీని వంశం పాతది. ఋగ్వేదం ఏడో మండలంలోని 103వ సూక్తం కప్పలదే. ఒక కప్ప మాటను ఇంకో కప్ప, గురువు మాటను శిష్యుడు అన్నట్టు, తిరిగి అనడం అందులో ఉంది. భాగవతకవి ఆ పాత పోలికను తెచ్చుకుని ఊరుకోలేదు. దానికి జతగా కొత్తదాన్ని కల్పించాడు. శరత్తు రాగానే సముద్రం చప్పుడు చేయక నిశ్చలమైంది. ఆత్మలో నిలిచి, వేదపారాయణం కూడా చాలించిన మునిలా ఉందట. కప్ప గొంతు విప్పడంతో మొదలైన పాఠం సముద్రం గొంతు ఆపడంతో పూర్తయింది. మొదటివాడు చదువు ఆరంభించిన పిల్లవాడు, రెండోవాడు ఆ చదువును దాటిపోయిన పెద్దవాడు. వాననీటి గుంటలో మొదలై సముద్రం దాకా వచ్చింది పోలిక. నడుమ ముప్పై శ్లోకాల దూరం ఉంది. ఆ దూరాన్ని గుర్తుంచుకుని చదివేవాడి మీద కవికి నమ్మకం.

ఆ సముద్రమే వానాకాలంలో నదులన్నీ వచ్చి కలవగా గాలికి అలలెత్తి కలతపడింది. పచ్చితనం పోని యోగి మనసు విషయాలు తగిలేసరికి చెదిరినట్టు. అంటే సముద్రానికి కూడా రెండు బొమ్మలున్నాయి, యోగికీ రెండు దశలున్నాయి.

గట్ల సంగతి చెప్పేటప్పుడు కవి పొలంలో దిగాడు. వానాకాలంలో వరద ఉరవడికి గట్లు తెగిపోయాయి. శరత్తులో రైతులు గట్టి గట్లు వేసి మడుల్లో నీరు నిలబెట్టుకుంటున్నారు, ఇంద్రియాల గుండా కారిపోయే జ్ఞానాన్ని యోగులు వాటిని అరికట్టి నిలుపుకున్నట్టు. వరి పండించేవారికి ఈ పోలిక విప్పి చెప్పనక్కర్లేదు. వానలు పడుతున్నన్నాళ్లూ నీరు ఎక్కువై బాధ. వానలు వెనకబట్టాక, వెన్ను తీసి గింజ పాలు పోసుకునే వేళ నీరు చాలక బాధ. అప్పుడు మడిలో ఉన్న నీరే ఆధారం. గట్టు పైకి బాగానే కనిపిస్తుంది. పీత తవ్విన బొరియ నుంచి, ఎలుక తవ్విన కన్నం నుంచి రాత్రికి రాత్రి నీరు పక్క చేలోకి పోతుంది. రైతు గట్టువెంట నడుస్తూ ఆ బొరియలు వెతికి మట్టి తొక్కుతాడు. జ్ఞానం కూడా పెద్ద గండి పడి పోదు, చూపులోంచి, మాటలోంచి సన్నగా కారిపోతుంది. యోగి చేసే పని గొప్పదని చెప్పడానికి రైతు చేసే పనిని వాడుకున్న కవి, రైతు పనిలో ఎంత మెలకువ ఉందో కూడా చెప్పినవాడయ్యాడు.

ఇక చేపలు. ఈ అధ్యాయానికి గుండెకాయ ఇదేనని నా నమ్మకం. కవి వీటికి వరసగా రెండు శ్లోకాలు ఇచ్చాడు. మొదటిదానిలో, లోతులేని నీళ్లలో తిరిగే జీవులు ఆ నీరు తరిగిపోవడాన్ని గమనించలేదు. రోజురోజుకూ తరిగే ఆయుష్షును తెలివిలేని సంసారులు గమనించనట్టు. రెండోదానిలో, ఆ కొద్ది నీళ్లలోని జీవులే శరత్కాలపు ఎండకు వేగిపోయాయి. పేదవాడు, దీనుడు, కుటుంబం ఉన్నవాడు, ఇంద్రియాలను గెలవనివాడు వేగినట్టు. నీరు ఒకటే, చేప ఒకటే. మొదటి శ్లోకంలో దానికి తెలియదు, రెండో శ్లోకంలో దానికి తెలుస్తోంది. తెలియని స్థితికీ బాధ తెలిసిన స్థితికీ మధ్య ఒక్క శ్లోకం ఎడం. తెలిసే వేళకు నీరు తోడేసినట్టు అయిపోయింది, వెనక్కి ఏట్లోకి వెళ్లే దారి కూడా ఎండిపోయింది.

రెండో శ్లోకంలోని ఆ నాలుగు విశేషణాల పేర్పు చూడండి. ఒక్క పేదరికమే అయితే సన్యాసికీ ఉంటుంది, అతడికి బాధ లేదు. కుటుంబం ఒక్కటే అయితే కలిగినవాడికీ ఉంటుంది. ఇంద్రియాలు లొంగనివాడు ధనవంతుడైతే కొంతకాలం నడిచిపోతుంది. నాలుగూ ఒక్క మనిషిలో కలిసినప్పుడే ఆ నీరు కాగుతుంది. నాలుగు వైపుల నుంచీ ఎండ తగిలిన మడుగు అది. నెల మొదటివారం దాటాక వాయిదాలూ అద్దే బడిఫీజులూ లెక్కవేసుకునే ఏ ఇంటాయనకైనా ఈ శ్లోకం తన గురించే అనిపిస్తుంది. చెప్పిన కవి ఇతణ్ణి ఎగతాళి చేయలేదు. మొదటి శ్లోకంలో తెలివిలేనివాడన్నాడు గానీ, రెండోదానిలో కనికరం ఉంది.

పైగా వింటున్నది ఎవరు? పరీక్షిత్తు. ఏడు రోజుల్లో తక్షకుడి కాటుకు పోవలసిన రాజు, గంగ ఒడ్డున కూర్చుని వింటున్నాడు. ఆయుష్షు తరిగిపోవడం గమనించని మనుషుల గురించి, తన ఆయుష్షు ఎంతో కచ్చితంగా తెలిసిన మనిషికి శుకుడు చెబుతున్నాడు. చేప పోలికను ఇంకే సందర్భంలో చెప్పినా ఇంత బరువు ఉండేది కాదు. కవి ఆ బరువును వేలుపెట్టి చూపలేదు. రాజు పేరు కూడా ఆ శ్లోకంలో ఎత్తలేదు.

ఈ పద్ధతి ఎంత బలమైనదో తులసీదాసు చేతిలో కనబడుతుంది. 1574లో అయోధ్యలో ఆయన మొదలుపెట్టిన రామచరితమానసంలో, కిష్కింధాకాండ వాన, శరత్తుల వర్ణన ఈ అధ్యాయం దారిలోనే నడుస్తుంది. అక్కడ చెప్పేవాడు రాముడు, వినేవాడు లక్ష్మణుడు. తులసీదాసు రెండు చేప శ్లోకాలనూ ఒక్కటి చేశాడు. నీరు తగ్గి చేపలు అల్లాడాయి, డబ్బు లేని తెలివితక్కువ సంసారిలా. క్లుప్తత పెరిగింది, పాడుకోవడానికి హాయిగా ఉంది. కానీ తెలియకపోవడానికీ తెలియడానికీ నడుమ ఉన్న ఆ ఎడం పోయింది. మూలం వైపే నేను మొగ్గుతాను. అయితే తులసీదాసు సొంతంగా చేర్చినవాటిలో ఒకటి మూలానికి తీసిపోదు. శరత్తులో నేలమీద బురదా లేదు, దుమ్మూ లేదు, నీతి తెలిసిన రాజు పాలనలా ఉంది అన్నాడు. వానకూ ఎండకూ నడుమ నేల సరిగ్గా కుదురుకునే ఆ కొద్దికాలాన్ని పట్టుకోవడానికి పల్లెబాటమీద నడిచిన పాదాలు కావాలి.

కొండల శ్లోకం కూడా చాలా నచ్చుతుంది నాకు. వానలు పోయాక కొండలు కొన్నిచోట్ల నీటిని వదిలాయి, కొన్నిచోట్ల వదల్లేదు. జ్ఞానులు జ్ఞానామృతాన్ని ఒకప్పుడు ఇచ్చి ఒకప్పుడు ఇవ్వనట్టు. తూర్పు కనుమల్లో వానల తర్వాత తిరిగినవారు దీన్ని చూసే ఉంటారు. ఒక మలుపులో రాతిపగులు నుంచి ఊట కారుతుంటుంది, పక్క మలుపులో అంతే పెద్ద కొండ పొడిగా ఉంటుంది. ఎందుకో దారినపోయేవాడికి తెలియదు. గురువు మౌనాన్ని తప్పుపట్టకుండా అర్థం చేసుకునే దారి ఈ పోలికలో దొరికింది. లోపల నీరు లేక కాదు, అక్కడ వెలికి వచ్చే వేళ కాలేదు. ఇదే కొండ వానాకాలంలో జడివాన దెబ్బలు తిని కూడా నొప్పిపడలేదు, భగవంతుడి మీద మనసు నిలిపినవారు కష్టాలకు చలించనట్టు. దెబ్బ తట్టుకున్న కొండే తర్వాత ఊటై కారింది.

అన్ని పోలికలూ ఈ ఎత్తున ఉన్నాయని అనను. మెరుపు మబ్బులో నిలకడగా ఉండకపోవడాన్ని చంచలమైన స్త్రీలతో పోల్చడం అప్పటికే అరిగిన దారి. అందులో మెరుపూ కనిపించదు, స్త్రీ కూడా కనిపించదు. ఇంద్రధనుస్సు శ్లోకం శ్లేష మీద నిలబడింది, పండితులకు ముచ్చట, కళ్లకు పని లేదు. మిణుగురులు మెరిసి గ్రహాలు కనబడకపోవడాన్ని కలియుగపు పాషండులతో ముడిపెట్టినచోట వాదం ఎక్కువై రాత్రి తక్కువైంది. అదే కవి, పచ్చగడ్డి మీద ఎర్రటి ఆరుద్ర పురుగులనూ పుట్టగొడుగుల నీడనూ చూసి రాజుల వైభవం అన్నప్పుడు మాత్రం చిన్నపిల్లవాడిలా నేలమీద బోర్లా పడుకుని చూశాడనిపిస్తుంది. గడ్డిపరకల ఎత్తులో పుట్టగొడుగు గొడుగే, ఆరుద్ర పురుగులు ఎర్రదుస్తుల దండే.

శరద్వర్ణన చివర్లో కవి తన పద్ధతిని తానే మార్చాడు. అప్పటిదాకా ప్రతి పోలికా అందరికీ వర్తించింది. ఇప్పుడు మినహాయింపులు వస్తాయి. పూలతోటల మీదుగా వచ్చిన గాలి, చల్లనా కాక వెచ్చనా కాక, తాకిన అందరి తాపాన్నీ తీసేసింది, కృష్ణుడు మనసు దోచుకున్న గోపికల తాపాన్ని తప్ప. సూర్యుడు రాగానే తామరజాతి పూలన్నీ విచ్చుకున్నాయి, కలువ తప్ప, మంచి రాజు వస్తే దొంగలు తప్ప అందరూ నిర్భయంగా ఉన్నట్టు. గోపికల శ్లోకంలో ఋతువుకు పోలిక లేదు, ఋతువు నయం చేయలేని మనుషులున్నారు. లోకమంతా తేరుకుంది, నీరు తేటపడింది, బురద ఆరింది, సముద్రం ఊరుకుంది. ఆ కుదుటపాటులో కొందరికే కుదురు లేదు. తర్వాతి అధ్యాయంలో వేణుగానం వినేది వీళ్లే, ఆ తర్వాత శరద్రాత్రుల్లో రాసానికి ఇళ్లు విడిచి వెళ్లేదీ వీళ్లే. కథ లేదనుకున్న అధ్యాయంలో కథ ఈ ఒక్క మినహాయింపులో దాగి ఉంది. ఇన్ని పోలికలు పేర్చింది, ఒక్కచోట పోలిక ఆగిపోతే మనం ఉలిక్కిపడాలనేమో.

ఒక మాట ఇక్కడే చెప్పాలి. ఈ శరత్తు యమున ఒడ్డుది. తెలుగునేల అంతటా ఆశ్వయుజ కార్తికాలు ఇలా ఉండవు. నెల్లూరు వైపు అసలు వానలు ఈశాన్య ఋతుపవనాలతో అప్పుడే మొదలవుతాయి. దివిసీమను ముంచిన ఉప్పెన 1977 నవంబరు 19న, కార్తికంలో వచ్చింది. విశాఖను కొట్టిన హుద్‌హుద్ 2014 అక్టోబరు 12న, ఆశ్వయుజంలో వచ్చింది. శరత్తు రాగానే సముద్రం మునిలా ఊరుకుందన్న శ్లోకం మన కోస్తావాళ్ల చెవిన వేరుగా పడుతుంది. తెలంగాణ పల్లెల్లో మాత్రం చెరువులు నిండి, తంగేడూ గునుగూ పూసి బతుకమ్మలు పేర్చే ఆ రోజుల్లో నీళ్ల తేటదనం శ్లోకంలో చెప్పినట్టే కనిపిస్తుంది. గోదావరి లంకల్లో వరద తీశాక రెల్లు తెల్లగా పూయడం కాళిదాసు చెప్పినట్టే ఉంటుంది. కవిసమయాన్ని తెచ్చుకునేటప్పుడు మన ఆకాశం కేసి ఒకసారి చూసుకోవడం మంచిది. ఈ అధ్యాయం నేర్పేది కూడా అదే పద్ధతి కదా, ముందు మన చెరువును చూడమని.

చివరి రెండు శ్లోకాల్లో ఊళ్లూ పల్లెలూ కొత్తపంట పండుగలు చేసుకుంటాయి, భూమి పండిన చేలతో మెరుస్తుంది. ఆ తర్వాత, వానలకు కదలలేక ఇన్నాళ్లూ ఆగిన వర్తకులు, మునులు, రాజులు, స్నాతకులు ఎవరి పనిమీద వారు బయలుదేరతారు. సిద్ధులు కాలం వచ్చినప్పుడు తమకు తగిన దేహాలను పొందినట్టు అన్న పోలికతో అధ్యాయం ముగుస్తుంది. ఇన్ని శ్లోకాల్లో ఉపమానాలుగా వచ్చి నిలబడిన మనుషుల్లో కొందరు ఇప్పుడు నిజంగా మనుషులుగా దారిన పడ్డారు. మునీ రాజూ పోలికలోంచి దిగి రోడ్డెక్కారు. వర్ణనను ముగించడానికి ఇంతకన్నా పొందికైన దారి నేను చూడలేదు.

పదిహేనో శతాబ్దంలో బమ్మెర పోతన ఈ భాగాన్ని తన పద్యాల్లోనూ వచనంలోనూ తిరిగి చెప్పాడు. అది దశమ స్కంధం పూర్వభాగంలో ఉంది. పిల్లలకు అలంకారాలు చెప్పే తెలుగు మాస్టార్లకు నా మనవి: ముఖాన్నీ చంద్రబింబాన్నీ కొన్నాళ్లు పక్కన పెట్టి, ఈ చేపలనూ గట్లనూ కొండ ఊటనూ ఉదాహరణలుగా తీసుకోండి. పిల్లల చేత వాళ్ల ఊరి చెరువు మీద ఇలాంటివి నాలుగు రాయించండి. తక్కిన పాఠకులకు ఒక్కమాట: ఈ ఏడు దసరా సెలవుల్లో ఇరవయ్యో అధ్యాయాన్ని, పక్కన పోతనను పెట్టుకుని, తొలివాన దగ్గర మొదలుపెట్టి చివరిదాకా ఒకే విడతలో చదవండి. శరత్తు 18 శ్లోకాలను మాత్రం విడదీసి చదవకండి.